నట్టునీ బోల్టునీ కలిపిన విట్‌వర్త్

మెకానికల్ వాళ్లకు ఈ పేరు పరీక్షల్లో తగిలే ఉంటుంది. క్విక్ రిటర్న్ మెకానిజం బొమ్మ గీసి, కటింగ్ స్ట్రోక్‌కీ రిటర్న్ స్ట్రోక్‌కీ నిష్పత్తి రాసి, మార్కులు తెచ్చుకుని, ఆ తర్వాత మర్చిపోయిన పేరు. మిగతా బ్రాంచీల వాళ్లకు ఆ మాత్రం పరిచయం కూడా ఉండదు. కానీ ఓసారి మీ ఇంట్లో అరంగుళం కుళాయి విప్పి దాని మరలు చూడండి. రోడ్డు పక్కన కాలువ తవ్వే యంత్రం దగ్గర ఆగి, హైడ్రాలిక్ గొట్టాల చివర ఉండే ఫిట్టింగులు చూడండి. వాటిలో చాలావాటిని బీఎస్‌పీ థ్రెడ్ అంటారు. ఆ మర పల్లం 55 డిగ్రీల కోణంలో ఉంటుంది. ఆ 55 అనే అంకెను 1841లో లోకం ముందు పెట్టినవాడే జోసెఫ్ విట్‌వర్త్.

ఉద్యోగం వెతుక్కుంటున్న మీకు ఈ పాత కథ ఎందుకంటారా? నిర్మాణ యంత్రాల విడిభాగాల వ్యాపారం దేశదేశాల మధ్య నడుస్తుంది. డీలర్ల దగ్గర, దిగుమతి సంస్థల దగ్గర, తయారీ కంపెనీల కొనుగోళ్ల విభాగాల్లో ఇంజినీర్లకీ కామర్స్ వాళ్లకీ పని ఉంటుంది. అక్కడ చేరిన మొదటి వారంలోనే ఒక చిక్కు ఎదురవుతుంది. చూడ్డానికి ఒకేలా ఉన్న రెండు బోల్టుల్లో ఒకటి పదుల రూపాయల్లో, ఇంకొకటి వందల్లో ఎందుకుంటుంది? దీనికి సమాధానం విట్‌వర్త్ జీవితంలో చాలావరకు దొరుకుతుంది.

మిల్లు వదిలిన కుర్రాడు

విట్‌వర్త్ 1803 డిసెంబరు 21న ఇంగ్లండ్‌లో మాంచెస్టర్ పక్కనున్న స్టాక్‌పోర్ట్‌లో పుట్టాడు. తండ్రి బడిపంతులు. జోసెఫ్‌కి పట్టుమని పదకొండేళ్లు కూడా నిండకముందే తల్లి పోయింది. తండ్రి మత బోధకుడవ్వాలని నిర్ణయించుకోవడంతో పిల్లలు తలో చోటికీ చేరారు. కొన్నాళ్లు చదివాక, 14 ఏళ్ల వయసులో డెర్బీషైర్‌లో బాబాయి వరసయ్యే బంధువు నూలు మిల్లులో పని నేర్చుకోవడానికి పెట్టారు. బుద్ధిగా ఉంటే రేపు మిల్లులో వాటా కూడా వస్తుందన్నది పెద్దల ఆశ.

కుర్రాడికి నూలు పట్టలేదు, నూలు వడికే యంత్రాలు పట్టాయి. అవి ఎంత మొరటుగా ఉన్నాయో, ఒకదాని భాగం ఇంకొకదానికి ఎందుకు సరిపోవడం లేదో గమనించాడు. నాలుగేళ్లయ్యాక మిల్లు వదిలేసి మాంచెస్టర్‌లో మామూలు మెకానిక్‌గా చేరాడు. యజమాని కావాల్సినవాడు కూలీగా మారాడని ఇంట్లోవాళ్లు బాధపడే ఉంటారు. ఇప్పటి లెక్కలో చెప్పాలంటే, కుటుంబం చూపించిన ఖాయమైన సీటు వదులుకుని, తనకు నచ్చిన కోర్ సబ్జెక్టులో తక్కువ జీతానికి చేరినట్టు.

1825లో లండన్ వెళ్లాడు. అప్పట్లో యంత్రాల తయారీలో పేరంటే హెన్రీ మాడ్స్‌లేదే. ఆయన వర్క్‌షాపులో చోటు దొరకడమంటే ఈనాడు పెద్ద ప్రొడక్ట్ కంపెనీలో ఆఫర్ వచ్చినట్టు. అక్కడ పని నేర్చుకున్నాక హోల్ట్‌జాఫెల్ దగ్గర, ఆ తర్వాత జోసెఫ్ క్లెమెంట్ దగ్గర చేశాడు. చార్లెస్ బాబేజ్ లెక్కల యంత్రానికి భాగాలు చేసిపెట్టింది ఈ క్లెమెంటే. కంప్యూటర్ సైన్స్ వాళ్లు గుర్తుపెట్టుకోవాల్సిన లింకు ఇది. మొత్తం ఎనిమిదేళ్లు లండన్‌లో గడిపి, 1833లో మాంచెస్టర్ తిరిగొచ్చాడు. ఆవిరి శక్తి సదుపాయమున్న ఒక గది అద్దెకు తీసుకుని, లండన్ నుంచి వచ్చిన పనిముట్ల తయారీదారునని బోర్డు పెట్టుకున్నాడు. రెజ్యుమెలో మంచి కంపెనీ పేరు పైన రాసుకోవడం ఇప్పటి సంగతే కాదన్నమాట.

మూడు పలకల లెక్క

యంత్ర భాగాలు కచ్చితంగా రావాలంటే ముందు ఒక సమతలం కావాలి. దాన్ని ఆధారం చేసుకునే మిగతా కొలతలన్నీ. మరి నిజంగా చదునైన పలకను ఎలా తయారుచేస్తారు? రెండు పలకల్ని ఒకదానిమీద ఒకటి పెట్టి సరిచేస్తే సరిపోదు. ఒకటి కాస్త ఉబ్బుగా, రెండోది అంతే పల్లంగా ఉన్నా రెండూ అతికినట్టే కనిపిస్తాయి. అందుకే మూడో పలక కావాలి. మూడింటినీ జంటలు మార్చి మార్చి చూస్తే, ఉబ్బూ పల్లమూ దాక్కోలేవు. ఏ రెండు తీసుకున్నా అతుక్కున్నాయంటే మూడూ చదునుగా ఉన్నట్టే.

అప్పటివరకు పలకల్ని గరుకు పొడి వేసి రుద్దేవారు. దానివల్ల ఎక్కడ ఎంత అరుగుతుందో చేతిలో ఉండదు. విట్‌వర్త్ ఆ పద్ధతి మానేసి, రంగు పూసి ఎత్తుగా ఉన్న చోటు గుర్తించి, అక్కడ మాత్రమే చేత్తో గీకే పద్ధతి పట్టాడు. 1840లో గ్లాస్గోలో జరిగిన శాస్త్రవేత్తల సభలో దీన్ని వివరించాడు. మెషిన్ షాపుల్లో స్క్రేపింగ్ చేసేవాళ్లు ఇప్పటికీ నీలి రంగు పూసి చేసేది ఈ పనే.

కొలతల్లోనూ అంతే పట్టు. ఆ రోజుల్లో పనివాళ్లు అంగుళంలో ముప్పై రెండో వంతు, దానికి కాస్త అటు లేదా ఇటు అంటూ మాట్లాడేవారు. అంగుళంలో వెయ్యో వంతు లెక్కలోకి మాట మార్చింది విట్‌వర్త్. 1851లో లండన్‌లో జరిగిన మహా ప్రదర్శనలో అంగుళంలో పది లక్షల వంతు తేడాను కూడా పట్టే కొలత యంత్రం చూపించాడు.

ఏ రోటి దగ్గర ఆ పాట

ఇప్పుడు అసలు సంగతికి వద్దాం. 1830ల నాటికి ఇంగ్లండ్‌లో రైళ్లు, ఆవిరి ఇంజిన్లు, నూలు యంత్రాలు జోరుగా తయారవుతున్నాయి. కానీ బోల్టు మీద మర ఎలా ఉండాలన్నది ఏ వర్క్‌షాపుకి ఆ వర్క్‌షాపే నిర్ణయించుకునేది. ఏ రోటి దగ్గర ఆ పాట! ఒక కంపెనీ నట్టు ఇంకో కంపెనీ బోల్టుకు ఎక్కదు. యంత్రం దూరపు ఊళ్లో పాడైతే, బోల్టు కోసం దాన్ని తయారుచేసినవాడి గుమ్మమే తొక్కాలి. అతను చెప్పిందే ధర, అతను పంపిన రోజే రిపేరు.

విట్‌వర్త్ ఏం చేశాడో చూడండి. తన వర్క్‌షాపు మరే గొప్పదని వాదించలేదు. దేశంలోని పేరున్న వర్క్‌షాపుల నుంచి బోల్టుల నమూనాలు తెప్పించాడు. వాటి కోణాలు, లోతులు, అంగుళానికి ఎన్ని చుట్లున్నాయో కొలిచి, సగటు తీశాడు. అలా వచ్చిందే 55 డిగ్రీల కోణం. మర కొస, అడుగు గుండ్రంగా ఉండాలన్నాడు. ఒక్కో వ్యాసానికీ అంగుళానికి ఎన్ని చుట్లో పట్టిక వేశాడు. పావంగుళానికి 20, అరంగుళానికి 12, అంగుళానికి 8. ఇదంతా 1841లో లండన్‌లోని సివిల్ ఇంజినీర్ల సంస్థకు సమర్పించాడు.

డేటా సేకరించడం, సగటు తీయడం, అందరూ ఒప్పుకునేలా మధ్యస్థంగా ఒక ప్రమాణం పెట్టడం. ఎవరూ తమ పద్ధతి పూర్తిగా ఓడిపోయిందని అనుకోనక్కర్లేదు. రైల్వే కంపెనీలు దీన్ని అందిపుచ్చుకున్నాయి. ఇరవై ఏళ్లు తిరిగేసరికి బ్రిటన్ వర్క్‌షాపుల్లో ఇదే మామూలైపోయింది. బ్రిటిష్ యంత్రాలు ఎగుమతైన ప్రతి దేశానికీ ఈ మర కూడా వెళ్లింది. మన దేశానికీ అలాగే వచ్చింది.

ధరకి ఏమైంది? ఒకే రకం బోల్టును పది మంది తయారుచేయగలిగితే పోటీ వస్తుంది. పెద్ద మొత్తంలో ఒకే సైజు చేస్తే ఖర్చు తగ్గుతుంది. బోల్టు ఒక కంపెనీ సొత్తుగా ఉండడం మానేసి, బజార్లో దొరికే సరుకైంది.

తొంభై రోజుల పరీక్ష

ఈ ప్రమాణానికి గట్టి పరీక్ష క్రిమియా యుద్ధంలో (1853-56) ఎదురైంది. లోతు తక్కువ నీళ్లలో తిరిగే చిన్న ఫిరంగి పడవలు బ్రిటిష్ నౌకాదళానికి హడావుడిగా కావాల్సి వచ్చాయి. వాటికి దాదాపు 90 సెట్ల ఇంజిన్లు కావాలి, అదీ మూడు నెలల్లో. ఏ ఒక్క ఫ్యాక్టరీకీ సాధ్యంకాని పని. ఇంజిన్ల తయారీదారు జాన్ పెన్ నమూనా ఇంజిన్లను విప్పి, భాగాలను దేశంలోని మంచి వర్క్‌షాపులకు పంచాడు. ఒక్కొక్కరూ తమకు వచ్చిన భాగాన్ని అచ్చు అలాగే చేసి పంపారు. అన్నీ ఒకచోట చేర్చి బిగిస్తే బిగిశాయి. కొలతలు, మరలు అందరికీ ఒకటే కాబట్టి అది కుదిరింది.

ఇప్పుడు ఒక ఎక్స్‌కవేటర్‌కి పంపు ఒక దేశంలో, ట్రాక్ ఇంకో దేశంలో, బకెట్ మరో దేశంలో తయారవుతున్నాయంటే, ఆ సప్లై చెయిన్‌కి తొలి రూపం అదే.

ధర దగ్గర ఓడిన తుపాకీ

విట్‌వర్త్ పట్టిందల్లా బంగారం కాలేదు. ప్రభుత్వం తుపాకుల తయారీ యంత్రాలు రూపొందించమని అడిగితే, ముందు తుపాకీ గొట్టమే ఎలా ఉండాలో తేల్చాలన్నాడు. ప్రయోగాల కోసం అతని ఇంటి ఆవరణలో 500 గజాల షూటింగ్ గ్యాలరీ కట్టించారు. చివరికి లోపల ఆరు పలకల గొట్టం ఉన్న తుపాకీ తయారుచేశాడు. 1857 పరీక్షల్లో అది సైన్యం వాడుతున్న ఎన్‌ఫీల్డ్‌ని గురిలో చిత్తుగా ఓడించింది. 1860లో వింబుల్డన్ పోటీల్లో విక్టోరియా రాణి పేల్చిన తొలి గుండు ఈ తుపాకీ నుంచే వెళ్లి, 400 గజాల దూరంలో లక్ష్యం నడిమధ్యకు అంగుళంన్నర లోపే తగిలింది.

అయినా సైన్యం దాన్ని తీసుకోలేదు. గొట్టం సన్నం కావడంతో మసి పట్టి తొందరగా మూసుకుపోయేది. ఖర్చు ఎన్‌ఫీల్డ్‌కి దాదాపు నాలుగు రెట్లు. లక్షల మందికి ఇవ్వాల్సిన తుపాకీకి అంత గురి అవసరమా, అంత ధర పెట్టగలమా అన్నది కొనేవాడి ప్రశ్న. నాణ్యత మీదే చూపున్న విట్‌వర్త్ దగ్గర దానికి జవాబు లేదు. బోల్టు విషయంలో కొనేవాడి అవసరం నుంచి మొదలుపెట్టి గెలిచిన మనిషే, తుపాకీ విషయంలో తన కచ్చితత్వం నుంచి మొదలుపెట్టి ఓడిపోయాడు. ప్రాజెక్టులు చేసే మీరంతా ఒక్క నిమిషం ఆగి ఆలోచించాల్సిన చోటిది.

అట్లాంటిక్ అవతల 60 డిగ్రీలు

విట్‌వర్త్ 1853లో న్యూయార్క్ ప్రదర్శన చూడటానికి ప్రభుత్వం తరఫున అమెరికా వెళ్లాడు. అక్కడి ఫ్యాక్టరీలు మనుషుల శ్రమ తగ్గించే యంత్రాల్ని ఎంత ఇష్టంగా వాడుతున్నాయో చూసి నివేదిక రాశాడు. ఆ అమెరికాయే పదకొండేళ్ల తర్వాత అతని మరను కాదంది.

1864లో ఫిలడెల్ఫియాలో విలియం సెల్లర్స్ అనే ఇంజినీరు ఇంకో మర ప్రతిపాదించాడు. కోణం 60 డిగ్రీలు, కొసలు గుండ్రంగా కాకుండా చదునుగా. అతని వాదన అంతా ఖర్చు గురించే. విట్‌వర్త్ గుండ్రటి మర సరిగ్గా చేయాలంటే మూడు రకాల కట్టర్లు, రెండు రకాల లేత్‌లు కావాలి. తనదైతే ఒక కట్టర్, ఒక లేత్ చాలు. మామూలు పనివాడు కూడా చేయగలడు. అమెరికా నౌకాదళం, ఆ తర్వాత రైల్‌రోడ్లు దానివైపే మొగ్గాయి.

ఈ చీలికకు మూల్యం తర్వాతి తరాలు కట్టాయి. రెండో ప్రపంచ యుద్ధంలో బ్రిటిష్ మెర్లిన్ విమాన ఇంజిన్‌ని అమెరికాలో ప్యాకార్డ్ కంపెనీ తయారుచేయాల్సి వచ్చినప్పుడు, బ్రిటిష్ మరలు కోసే పనిముట్లను ప్రత్యేకంగా చేసుకోవాల్సి వచ్చింది. చివరికి 1948 నవంబరులో అమెరికా, బ్రిటన్, కెనడా కలిసి 60 డిగ్రీల ఉమ్మడి మరకు ఒప్పుకున్నాయి. ఆ తర్వాత వచ్చిన మెట్రిక్ మర కూడా 60 డిగ్రీలదే. ఒక్క పైపుల్లో మాత్రం విట్‌వర్త్ కోణం అలాగే నిలబడిపోయింది. అంతర్జాతీయ పైపు మర ప్రమాణాలు ఐఎస్‌ఓ 7, ఐఎస్‌ఓ 228, మన ఐఎస్ 554 అన్నీ 55 డిగ్రీలవే.

ఇవాళ్టి గోడౌన్‌లో విట్‌వర్త్

ఇప్పుడు మీరొక విడిభాగాల దిగుమతి సంస్థలో చేరారనుకోండి. సైట్‌లో యంత్రం ఆగిపోయింది, అరంగుళం హైడ్రాలిక్ ఫిట్టింగ్ పంపమని ఫోనొచ్చింది. అరంగుళం బీఎస్‌పీలో అంగుళానికి 14 చుట్లు. అమెరికన్ పైపు మర ఎన్‌పీటీలోనూ అరంగుళానికి 14 చుట్లే! కోణం మాత్రం ఒకటి 55, ఇంకొకటి 60. తప్పుది పంపితే మొదట ఎక్కినట్టే ఎక్కుతుంది, తర్వాత నూనె కారుతుంది. వత్తిడి ఎక్కువ ఉన్న చోట మనిషికే ప్రమాదం. బోల్టుల్లోనూ ఇదే తంతు. పావంగుళానికి పాత బ్రిటిష్ మరలోనూ అమెరికన్ మరలోనూ 20 చుట్లే, అరంగుళానికి మాత్రం ఒకదానిలో 12, ఇంకొకదానిలో 13. కళ్లను నమ్మకుండా పిచ్ గేజ్‌ని నమ్మేవాడే ఆ గోడౌన్‌లో విలువైన ఉద్యోగి.

ధర సంగతీ చూద్దాం. విడిభాగాలు రెండు రకాలు. ఒకటి, ప్రమాణానికి కట్టుబడి ఎవరైనా చేయగలిగినవి. 6205 నంబరు బేరింగ్ ఏ కంపెనీది కొన్నా లోపలి వ్యాసం 25, బయటి వ్యాసం 52, మందం 15 మిల్లీమీటర్లే. ఇలాంటివాటి ధరను పోటీ అదుపులో ఉంచుతుంది. రెండోది, ఆ యంత్ర కంపెనీ డిజైన్‌తో దాని దగ్గర మాత్రమే దొరికేవి. కంట్రోలర్, ప్రత్యేకమైన వాల్వు లాంటివి. వీటి ధర తయారీ ఖర్చును బట్టి ఉండదు. యంత్రం ఒక రోజు ఆగితే యజమానికి ఎంత నష్టమో, ఎప్పుడో ఒకసారి అమ్ముడయ్యే భాగాన్ని ఏళ్ల తరబడి గోడౌన్‌లో ఉంచడానికి ఎంత ఖర్చో, వాటిని బట్టి ఉంటుంది. మొదటి రకం భాగమే యంత్ర కంపెనీ డబ్బాలో, దాని పార్ట్ నంబరుతో వస్తే ధర పెరగొచ్చు. ఏది ఏ రకమో తేల్చి చెప్పడమే కొనుగోళ్ల విభాగంలో ఇంజినీరు సంపాదించిపెట్టే లాభం.

అలాగని చవకది దొరికింది కదా అని తొందరపడకూడదు. మర కలిసినంత మాత్రాన బలం కలవదు. బోల్టు తల మీద 10.9 అని ఉంటే, అది దాదాపు 1000 మెగాపాస్కల్స్ తన్యత తట్టుకోవాలి, అందులో 90 శాతం వరకు సాగిపోకుండా నిలవాలి అని అర్థం. అక్కడ 8.8 బిగిస్తే చూడ్డానికి తేడా ఉండదు, బకెట్ బరువు ఎత్తినప్పుడు తెలుస్తుంది.

కస్టమ్స్ కాగితాల్లో కూడా ఇదే తర్కం. ఎక్స్‌కవేటర్ భాగాలకు సాధారణంగా 8431 అనే హెచ్‌ఎస్ కోడ్ ఉంటుంది. కానీ ఇనుము, ఉక్కు బోల్టులు, నట్లు ఏ యంత్రానికి తెప్పించినా 7318 కిందకే వస్తాయి, పైపు ఫిట్టింగులు 7307 కిందకి. ఎక్కడైనా వాడగల సాధారణ భాగాలని వాటికి వేరే లెక్క. బోల్టు ఏ ఒక్క యంత్రం సొత్తూ కాదన్న విట్‌వర్త్ మాట ఇలా సుంకాల పుస్తకంలోకీ ఎక్కిందన్నమాట. కోడ్ తప్పితే సుంకం తప్పుతుంది, సరుకు రేవులో ఆగుతుంది, రోజుకింత అద్దె పడుతుంది.

ధర పోల్చేటప్పుడు ఇంకో జాగ్రత్త. సరఫరాదారు 100 డాలర్ల ఎఫ్‌ఓబీ అన్నాడనుకోండి, ఓడ ఎక్కించేవరకే అతని బాధ్యత. రవాణా 15, బీమా 1 కలిపితే సీఐఎఫ్ 116. మన దగ్గర సుంకం లెక్కేసేది ఆ 116 మీద, 100 మీద కాదు. సుంకం కలిపిన మొత్తం మీద మళ్లీ ఐజీఎస్టీ. అర్జెంటని విమానంలో తెప్పిస్తే చిన్న సీల్ కిట్‌కి రవాణా ఖర్చే అసలు ధరను దాటొచ్చు.

ఆస్తి ఎవరికిచ్చాడు?

విట్‌వర్త్ బాగా సంపాదించాడు. 1869లో ప్రభుత్వం బారనెట్ బిరుదు ఇచ్చింది. 1874లో వ్యాపారాన్ని లిమిటెడ్ కంపెనీగా మార్చినప్పుడు ఉద్యోగులకూ వాటాలు కొనుక్కునే వీలు కల్పించాడు. వీటన్నిటికన్నా ముందే, 1868లో ఒక పని చేశాడు. ఏడాదికి 3,000 పౌండ్లు వచ్చేలా నిధి ఏర్పాటుచేసి, ఒక్కొక్కటి 100 పౌండ్ల చొప్పున 30 స్కాలర్‌షిప్‌లు పెట్టాడు. పుస్తకం చదివినవాడికి పనిముట్టు పట్టడం రావాలి, పనిముట్టు పట్టినవాడికి సిద్ధాంతం తెలియాలి అన్నది వాటి ఉద్దేశం. అందుకే పరీక్షలో రాతతోపాటు చేతిపని కూడా చూసేవారు. అప్రెంటిస్‌గా మొదలైన ఇంజినీర్లు పైచదువులు చదవడానికి ఆ స్కాలర్‌షిప్ బ్రిటన్‌లో ఇప్పటికీ ఉంది.

1887 జనవరి 22న మాంటే కార్లోలో కన్నుమూశాడు. పిల్లల్లేరు. ఆస్తిలో ఎక్కువ భాగం మాంచెస్టర్‌లో చదువుకీ, వైద్యానికీ, కళలకీ వెళ్లింది. అక్కడి విట్‌వర్త్ ఆర్ట్ గ్యాలరీ అతని పేరుతోనే ఉంది. కంపెనీ మాత్రం పదేళ్లకే పాత పోటీదారు ఆర్మ్‌స్ట్రాంగ్ సంస్థలో కలిసిపోయింది. కంపెనీ పోయింది, తుపాకీ మ్యూజియానికి చేరింది. ఎవరైనా వాడుకోండని అందరికీ ఇచ్చేసిన మర మాత్రం మిగిలింది.

ఇంటర్వ్యూకి వెళ్లేముందు

• వెర్నియర్, మైక్రోమీటర్, థ్రెడ్ పిచ్ గేజ్ పట్టుకుని కనీసం ఇరవై బోల్టులు, ఫిట్టింగులు స్వయంగా కొలవండి. కాలేజీ ల్యాబ్ లేదా మీ ఊళ్లో లేత్ వర్క్స్ చాలు. ఇంటర్వ్యూలో చేతిపని చేసినవాడి మాట తీరే వేరుగా ఉంటుంది.

• బీఎస్‌పీ, ఎన్‌పీటీ, మెట్రిక్, జేఐసీ ఫిట్టింగుల తేడా చెప్పగలిగేలా ఉండండి.

• ఏదైనా ఒక యంత్రం పార్ట్స్ కేటలాగ్ తీసుకుని, ఏ భాగాలు బజార్లో దొరుకుతాయో, ఏవి కంపెనీ దగ్గరే కొనాలో గుర్తుపెట్టి పట్టిక తయారుచేయండి. రెజ్యుమెలో రాసుకోదగ్గ మినీ ప్రాజెక్టు ఇది.

• కామర్స్, ఎంబీఏ వాళ్లు 8431, 7318, 7307 కోడ్‌ల తేడా, ఎఫ్‌ఓబీ నుంచి గోడౌన్ దాకా ధర ఎలా పెరుగుతుందో ఒక ఎక్సెల్ షీట్‌లో వేసి చూడండి.

• మెకానికల్ వాళ్లను క్విక్ రిటర్న్ మెకానిజం గురించి అడిగితే, నిష్పత్తి చెప్పి ఆగిపోకండి. వెనక్కి వచ్చేటప్పుడు పని జరగదు కాబట్టి ఆ సమయాన్ని తగ్గించడమే దాని ప్రయోజనం, తద్వారా ఒక్కో భాగం ఖర్చు తగ్గుతుంది అని కూడా చెప్పండి. అడిగినవాళ్లు తర్వాతి ప్రశ్న కాస్త ఆసక్తిగా అడుగుతారు.